నది మూసిన రోజులు

మెరిడీ ఆ షెడ్డులోకి మొదటిసారి అడుగుపెట్టిన రోజున ఆమె దగ్గర ఉన్నవి మూడే. అత్తగారు ఓల్వెన్ ఇచ్చిన పాత రబ్బరు బూట్లు, రెండు సైజులు పెద్దవి. మూడు పేజీలు మాత్రం నిండిన ఒక బడిపిల్లల నోటుపుస్తకం. ఒక మంచి చెవి. చెవి సంగతి ఆమెకు అప్పటికి తెలియదు. దాన్ని కనిపెట్టింది ఓల్వెనే.

ఆల్చిప్పలు ఏరే బల్ల దగ్గర నిలబెట్టి, ఓల్వెన్ రెండు చిప్పలు తీసి ఒకదానికొకటి తాటించింది. "విను. రాయికి రాయి తగిలినట్టు వినిపిస్తే లోపల ప్రాణం ఉంది. డొల్లగా మోగితే చచ్చింది, అటు పారెయ్. చూడకు. చూస్తే అన్నీ ఒక్కలాగే ఉంటాయి. వినాలి." మధ్యాహ్నానికి మెరిడీ గంటకు నూరు డజన్లు ఏరింది. ఒక్క డొల్ల కూడా సంచిలోకి పోలేదు. "నాకు రెండేళ్లు పట్టింది," అంది ఓల్వెన్. అందులో మెప్పు ఎంతో, అసూయ ఎంతో తేల్చుకోవడానికి మెరిడీకి చాలాకాలం పట్టింది.

ఆ సాయంత్రం నోటుపుస్తకం తెరిచి నాలుగో పేజీ మొదలుపెట్టింది. ఒక వాక్యం రాసి పెదవుల మధ్యే పలికి చూసుకుంది. డొల్లగా మోగింది. కొట్టేసింది. ఇంకోటి రాసింది. అప్పుడు కెల్విన్ వచ్చి ఆమె భుజం మీదుగా తొంగిచూశాడు. పెళ్లయి అప్పటికి ఆరు వారాలు. మంచివాడు, పెద్ద గొంతు, ఉప్పునీటికి పగిలిన చేతులు. "రాసుకో మెర్, నేనేమైనా వద్దంటున్నానా," అన్నాడు. "కాకపోతే వాన పడ్డప్పుడు రాసుకో. అప్పుడెలాగూ నది మూసేస్తారుగా."

కుర్రావా నదిలో పద్ధతి అది. కంచె స్తంభానికి కొట్టిన గాజు గొట్టంలో ఒక్క రోజులో నలభై మిల్లీమీటర్ల వాన పడితే, కొండల మీది పేడా మట్టీ నదిలోకి దిగుతాయని లెక్క. ఆల్చిప్పలు ఆ నీళ్లన్నీ తాగుతాయి. అందుకని రేవు స్తంభానికి ఎర్ర పలక వేలాడదీస్తారు. మళ్లీ నీళ్లు పరీక్ష చేసి బాగున్నాయనేదాకా ఏడు కుటుంబాల వాళ్లెవరూ ఒక్క చిప్ప కూడా తీయకూడదు. మగవాళ్లు పబ్బులో కూర్చుని ఆకాశాన్ని తిడతారు. మెరిడీ షెడ్డు మీది అటక గదిలోకి చెక్క మెట్లెక్కి, కిటికీ పక్కన పాత తలుపుతో చేసిన బల్ల ముందు కూర్చుంటుంది. రేకు మీద వాన, కింద బురదరంగు నది, ఆ రెంటి మధ్య ఆమె. పడవ ఏదో కట్టు విప్పుకుని మెల్లగా కదిలిపోతున్నట్టుండేది. ఇల్లు, షెడ్డు, రేవు దూరమయ్యేవి. అవతలి గట్టు ఉండేది కాదు.

ఎక్కువసేపు కాదు. మొదటిసారి నది మూసిన రోజే మెట్ల కింద నుంచి ఓల్వెన్ గొంతు వినిపించింది. "నది మూసుకుంటే ఇల్లు మూసుకుంటుందా? దుప్పట్లు ఉతికింది ఎప్పుడు?"

మెరిడీ వ్యాపారం తెలిసిన మనిషి. సిడ్నీలో ఏ హోటలు వాడు ఎప్పుడు ఎంత అడుగుతాడో, ఏ వంటవాడు బాగున్న సంచికి కూడా వంక పెడతాడో ఆమెకే తెలుసు, కెల్విన్‌కు తెలియదు. ఫోనులో బేరాలు ఆమెవే. కనుక రోజుల లెక్క కూడా ఆమె ఏడాదికోసారి తీరిగ్గా వేసుకునేది. నది సుమారు ఏభై రోజులు మూస్తుంది. అందులో పద్దెనిమిది రోజులు, ఆల్చిప్పలు పెంచే వల బుట్టలు చిరిగితే వాటిని అల్లడానికి పోతాయి, ఎందుకంటే పని లేని రోజుల్లో చేసే పని అది. పది ఇంటికి. ఐదు ఓల్వెన్ కీళ్ల డాక్టరుకీ, కూతురు టెగన్ బళ్లో జరిగే వాటికీ. మిగిలేవి పదిహేడు.

ఆ పదిహేడులోనే నవలలు వచ్చాయి. ఒకటి, రెండు, మూడు, నాలుగు. ఇంట్లోకి నీళ్లు వచ్చినా బల్ల మీంచి లేవని ఆడమనిషి. పోటు తీసినప్పుడు బురద మీద నడిచి వెళ్లి తిరిగి రాని అక్కాచెల్లెళ్లు. వంటగది తలుపు తీస్తే నది ఉండే ఇల్లు. అవి చదివినవాళ్లు రాత్రి కలలో తడిశామని ఉత్తరాలు రాసేవాళ్లు. పత్రికల్లో ఆమెను వాన రచయిత్రి అన్నారు. ఒక్కో నవలనూ ఆమె నాలుగైదేళ్ల పాటు మౌనంగా మోసి కంటుందని ఒకాయన రాశాడు. ఆ మాట చదివి మెరిడీ బల్ల దగ్గర నిలబడే నవ్వుకుంది. ఎక్కడి నాలుగైదేళ్లు? మొదటి వాన నుంచి చివరి వాన దాకా పంతొమ్మిదేళ్లు. ఏడాదికి పదిహేడు చొప్పున మూడు వందల ఇరవై మూడు రోజులు. నాలుగు నవలలూ కలిపి ఏడాదికి నలభై రెండు రోజులు తక్కువ.

ఊరి లైబ్రరీలో ఒక మధ్యాహ్నం ఆమె పుస్తకం గురించి సభ పెట్టారు. కాన్‌బెర్రా నుంచి ఒక పరిశోధకురాలు వచ్చింది, మెడలో నీలం ఉన్ని గుడ్డ, ఒళ్లో నిండా కాగితాలు. "మీ నాలుగు నవలల్లోనూ ఆగని వాన. అది దుఃఖమా? జ్ఞాపకమా? లేక ఈ నేల మనకు ఇంకా చెప్పని విషయమా?" అని అడిగింది. మెరిడీ నోరు తెరిచేలోగా వెనక వరుసలోంచి కెల్విన్ అందుకున్నాడు. "అదేం లేదమ్మా. వాన పడితే తప్ప నేను ఆవిణ్ణి వదలను మరి."

గది గదంతా నవ్వింది. మెరిడీ కూడా నవ్వింది. తిరుగు దారిలో కెల్విన్ స్టీరింగు మీద వేళ్లతో తాళం వేస్తూ, "బాగా నవ్వించాను కదూ," అన్నాడు. కిటికీలోంచి ఎండిన పచ్చికబయళ్లు వెనక్కి పోతున్నాయి. ఇంతమంది పెద్దవాళ్లు తన పుస్తకాల మీద ఇన్ని పేజీలు రాశారు, అసలు కారణం పట్టుకున్నవాడు ఇతనొక్కడే, అదీ తెలియకుండా, అనుకుంది ఆమె. ఆమె చూసిందే రాసింది. ఆమె రాసిన ప్రతి రోజూ బయట వానే ఉంది.

ఒక్క రోజు తప్ప. మొదటి నవలలో పదకొండు పేజీల అధ్యాయం ఒకటి ఉంది. అందులో వాన లేదు. ఎండ తగులుతున్న గదిలో, పట్టపగలు, ఒక ముసలామె నిద్రపోతూ ఉంటుంది. తెర ఊగుతుంది, మళ్లీ ఆగుతుంది. అంతే. ఏమీ జరగదు. పాఠకులు ఎక్కువ ఉత్తరాలు రాసింది దాని గురించే. అది ఒంటి మబ్బు రోజున రాసింది. ఆమె వచ్చిన రెండో ఏడు ఒక ఉదయం గొట్టంలో నలభై రెండు మిల్లీమీటర్లు కనిపించాయి, చుట్టుపక్కల నేల మీద తడి లేదు. ఏడిళ్ల వాళ్లూ కంచె చుట్టూ మూగి తల గోక్కున్నారు. "ఒంటి మబ్బు మన స్తంభం మీదే ఆగి కురిసి పోయుంటుంది," అని మామగారు క్లిఫ్ తేల్చాడు. నది మూశారు. ఎండలో మూశారు. ఆ రోజు మెరిడీ అటక మెట్లెక్కబోతూ, వాకిట్లోంచి చూస్తే ఓల్వెన్ గది తలుపు ఓరగా ఉంది. ఇక పైకి వెళ్లలేదు, వాకిట్లోనే కూర్చుని రాసింది.

ఆ తర్వాత అలాంటి రోజు మళ్లీ రాలేదు. ఇప్పుడు వానలే రావడం లేదు.

మూడేళ్లయింది. గొట్టంలో ఎప్పుడైనా మూడు మిల్లీమీటర్లు, నాలుగు. కొండల మీది గడ్డి ఎముక రంగుకు తిరిగింది. పశువులున్నవాళ్లు ఏడుస్తున్నారు. నది మాత్రం ఉప్పగా, తేటగా, రోజూ తెరిచే ఉంది. ఆల్చిప్పలు ఇంత బాగా ఎన్నడూ పెరగలేదు. కెల్విన్ ఈల వేస్తూ పడవ ఎక్కుతున్నాడు. మూడేళ్లుగా మెరిడీ ఏరే బల్ల ముందు నిలబడి తాటిస్తూనే ఉంది. ఇటు, ఇటు, అటు, ఇటు. అటక గదిలో బల్ల మీద ఉప్పు పొరగా పేరుకుంది.

ఐదో నవల ఆమె తలలో ఉంది. అందులో ఒక ఆడమనిషి చెప్పులు చేత్తో పట్టుకుని, పోటు తీసిన నదిలో, మిట్టమధ్యాహ్నపు ఎండలో నడుస్తూ ఉంటుంది. ఎక్కడికీ పారిపోవడం లేదు. ఏదీ ఆమెను ముంచడం లేదు. తన పని మీద తను వెళుతోంది. ఆ మనిషి తెల్లవారుజామున మెరిడీ కలలోకి వచ్చేది. కాళ్ల కింద బురద అద్దంలా మెరిసేది, చిన్న పీతలు వేలకొద్దీ ఒక్కసారి తప్పుకుని దారి ఇచ్చేవి. ఆ మనిషి వెనక్కి తిరిగి ఏదో అనేది. పెదవులు కదిలేవి. మాట మాత్రం డొల్ల చిప్పలా మోగేది. మెరిడీ లేచి కూర్చునేది. పొడి వెలుతురులో మనుషులు ఎలా మాట్లాడుకుంటారో తన చెవికి తెలియదు.

డిసెంబరు మొదటి వారంలో సిడ్నీ నుంచి వూలా ఫోను చేసింది. మొదటి నవల నుంచీ ప్రచురణ సంస్థలో ఆమె పుస్తకాలు దిద్దుతున్నది వూలాయే. గ్రీకు వాళ్లింటి పిల్ల, మాటకు ముందు నవ్వే మనిషి. ఆ రోజు నవ్వలేదు. "బంగారం, ఇక నా చేతిలో లేదు. కొత్త సంవత్సరం లోపు ముప్పై పేజీలు చూపించకపోతే ఈ పుస్తకం మా జాబితాలోంచి తీసేస్తారట. పైవాళ్లు మారారు. ఆవిడ అయిపోయిందిలే అంటున్నారు. ఎన్ని ఉన్నాయి నీ దగ్గర?"

"వాన పడాలి వూలా."

"అదేమిటి?"

"ఏం లేదు. చూస్తాను."

డిసెంబరంటే ఇక్కడ వేసవి, ఈ నదికి ఏడాది మొత్తానికి పెద్ద నెల. క్రిస్మస్ బల్ల మీద ఆల్చిప్పలు లేని ఇల్లుండదు. ఆ వారం తెల్లారింది మొదలు నిలబడే ఉంది మెరిడీ. బుధవారం మధ్యాహ్నం ఎండలో నడిచే మనిషి అకస్మాత్తుగా తలలోకి వచ్చింది. పెదవులు కదిలాయి. మెరిడీ ఆ మాట వినబోయింది. చేతులు తాటిస్తూనే ఉన్నాయి, చెవి అక్కడ లేదు. మర్నాడు సిడ్నీ హోటలు వాడి ఫోను వచ్చింది, ఆమెకు కాదు, నేరుగా కెల్విన్‌కు. ఒకే సంచిలో మూడు చచ్చినవి.

కెల్విన్ అరవలేదు. అతను అరిచే మనిషి కాదు. బల్ల అంచు మీద కూర్చుని, టోపీ తీసి, జాలిగా చూశాడు. "నీ చెవికి ఏమైంది మెర్? ఇరవై రెండేళ్లలో ఒక్కటి పోలేదు."

"నాకేం కాలేదు. వేరే ఏదో వింటున్నాను."

"అదే అనుకున్నా. అలిసిపోయావు. చూడు, నాకో ఆలోచన వచ్చింది. నువ్విక ఈ బల్ల దగ్గర అంతంత సేపు నిలబడక్కర్లేదు." అతని మొహం వెలిగింది. అటక వైపు చెయ్యి చూపించాడు. "పైన ఆ గది ఊరికే పడి ఉంది కదా. గోడ కొట్టేసి పెద్ద కిటికీ పెట్టిస్తా. నాలుగు బల్లలు. ఊళ్ల నుంచి వచ్చేవాళ్లు అక్కడ కూర్చుని, నది చూస్తూ, అప్పుడే తీసినవి తింటారు. బయట బోర్డు, వాన రచయిత్రి గారి నది అని. నీ పుస్తకాలూ ఒక అరలో పెడదాం. పళ్లేలు అందిస్తూ సంతకాలు పెట్టొచ్చు నువ్వు. సోమవారం వడ్రంగి వస్తున్నాడు, కొలతలు ఇచ్చేశాను."

"ఎప్పుడు ఇచ్చావు?"

"పోయిన వారం. నువ్వు హోటలు వాళ్లతో ఫోనులో ఉన్నావు."

"అది నేను రాసుకునే గది కెల్."

"మూడేళ్లయింది నువ్వు ఎక్కి," అన్నాడు. నిజంగానే ఆశ్చర్యపోయాడు. "నేనేమైనా వద్దన్నానా? రాసుకో. వాన పడ్డప్పుడు ఎవరూ తినడానికి రారుగా, గది ఖాళీయే."

మెరిడీ తన బూట్ల వైపు చూసుకుంది. ఇప్పటికీ అవే బూట్లు. రెండు జతల మేజోళ్లు వేసుకుని సరిపెట్టుకోవడం అలవాటైపోయింది, ఎవరూ కొత్తవి కొనమని అనలేదు, తనూ అడగలేదు. ఇప్పుడు అనిపించింది, ఇరవై రెండేళ్లుగా ఆ రెండు సైజుల ఖాళీలోనే తన నడకంతా పోయిందని.

శుక్రవారం పొద్దున్నే లేచింది. కెల్విన్ పడవ తీసుకుని వెళ్లిపోయాడు. నది మీద పొగమంచు ఉంది. దూరాన కొండల్లో ఎక్కడో అడవి అంటుకున్న వాసన. ఆ పొగ మంచులో కలిసి సూర్యుడు బొప్పాయి ముక్కలా ఉన్నాడు. వంటగదిలోంచి నీళ్ల జగ్గు తీసుకుని కంచె దగ్గరికి నడిచింది. తను నడుస్తున్నట్టు కాకుండా, ఎవరో నడుస్తుంటే తను చూస్తున్నట్టుంది. గొట్టం కొలత తొమ్మిదింటికి చూసి, పుస్తకంలో ఎక్కించి, ఏడిళ్లకూ అధికారులకూ చెప్పే పని కూడా ఆమెదే. "నీకు రాత బాగా వస్తుంది కదా," అని ఎనిమిదేళ్ల కిందట ఏడిళ్ల సంఘం వాళ్లు అప్పగించారు. దానికి జీతం లేదు. ఆమె ఏ అంకె వేస్తే అదే వాన.

జగ్గు ఎత్తింది. గొట్టం అడుగున ఒక ఎండిన పురుగు ఉంది.

"ఎంత పోస్తున్నావు?"

ఓల్వెన్ తన ఇంటి వసారాలో కూర్చుని ఉంది, చేతిలో టీ కప్పు. ఎనభై ఒక్క ఏళ్లు. నడుం వంగింది కానీ కళ్లు ఇంకా డేగ కళ్లే. మెరిడీ చెయ్యి దించలేదు. "ఇంకా పోయలేదు," అంది.

"అంత పెద్ద జగ్గు దేనికి? గ్లాసున్నర చాలు. నేను గ్లాసున్నరే పోశాను."

జగ్గు బరువెక్కింది. మెరిడీ దాన్ని స్తంభం పక్కన పెట్టి వసారా మెట్టు మీద కూర్చుంది. ఒక కొంగ మంచులోంచి వచ్చి మంచులోకి వెళ్లింది.

"ఒంటి మబ్బు రోజు," అంది మెరిడీ.

"క్లిఫ్‌కి మబ్బుల మీద అంత నమ్మకం ఉందని నాకూ అప్పుడే తెలిసింది." ఓల్వెన్ టీ గుటక వేసింది. "కొలత రాసేది అప్పుడు నేనేగా. ఆ వారానికి మా అత్త పోయి నెల. ఇల్లంతా చుట్టాలు. బల్ల దగ్గర నిలబడితే కళ్లు మూసుకుపోతున్నాయి. పొద్దున్నే వెళ్లి గ్లాసున్నర పోసేశాను. అందరూ గోల గోల పడి వెళ్లిపోయాక గదిలోకెళ్లి పడుకున్నా. సాయంత్రం దాకా లేవలేదు. పెళ్లయ్యాక నేను పగలు నిద్రపోవడం అదే మొదలు."

"తెలుసు. తలుపు సందులోంచి చూశాను."

"చూశావని నాకూ తెలుసు. పుస్తకంలో పెట్టావుగా."

మెరిడీ తల తిప్పింది. "మీరు పుస్తకాలు చదవరుగా."

"ఆ పదకొండు పేజీలే చదివాను. లైబ్రరీలో నిలబడి. రెండుసార్లు. మిగతాదంతా వానే, విసుగొచ్చింది."

మెరిడీకి నవ్వు వచ్చింది. ఇన్నేళ్లూ తను ఒక్కదాన్నే అనుకుంది. మెట్ల కింద నిలబడి దుప్పట్లు ఎప్పుడు ఉతికావని అడిగిన మనిషి, తన రోజులోంచి తనే ఒక గ్లాసున్నర కాజేసి, దాన్ని ఎవరికీ చెప్పకుండా దాచుకుందన్నమాట. ఆ దొంగ రోజు ఒకరికి నిద్ర ఇచ్చింది, ఒకరికి అధ్యాయం ఇచ్చింది.

"మళ్లీ ఎప్పుడైనా పోశారా?"

"లేదు. ధైర్యం చాలలేదు. ఏడిళ్ల వాళ్ల పని ఆగిపోయింది కదా, అది నా నెత్తిన ఉండిపోయింది. కిందింటి వాళ్లమ్మాయి పెళ్లి సరుకు ఆ రోజే పోవాల్సింది. తర్వాత నాకు ఎప్పుడు ఆమె ఎదురైనా తల దించుకునేదాన్ని." ఓల్వెన్ కప్పు కింద పెట్టింది. "ఆ ఒక్క రోజునే ఇరవై ఏళ్లుగా కొద్దికొద్దిగా నంజుకుంటున్నాను. పోస్తే పోయ్, నేను ఎవరితోనూ అనను. కానీ వచ్చేది ఒక్క రోజే. నీకు ఒకటి సరిపోతుందా?"

అది వ్యాపారంలో అడిగే ప్రశ్న. మెరిడీ దాన్ని వ్యాపారంలాగే చూసింది. ఎంత కావాలి? ముప్పై పేజీలు, ఆ తర్వాత మూడు వందలు. ఎన్ని దొంగ రోజులు? ఎన్ని గ్లాసులు? పండగ ముందు ఆరిళ్ల వాళ్ల నది తను ఎలా మూస్తుంది? అసలు తనకు కావలసింది నది మూసుకోవడమేనా? ఇరవై రెండేళ్లుగా తను ఆకాశం సెలవిచ్చేదాకా ఆగింది. కెల్విన్ అడ్డం చెప్పలేదు, నిజమే. వద్దనే మాటను మబ్బుకు అప్పజెప్పి ఊరుకున్నాడు. అందులోని మెలిక ఆమెకు ఇప్పుడు కనిపించింది. వాన తనది కాదు, అతనిదీ కాదు. కనుక ఎవరినీ ఏమీ అనడానికి లేదు.

లేచి జగ్గులో నీళ్లు ఓల్వెన్ వసారా పక్క వాడిపోయిన జెరేనియం మొక్కలకు పోసింది. బూట్లు విప్పి మెట్టు మీద జతగా పెట్టింది. "ఇవి మీవి. ఇన్నాళ్లు వాడుకున్నాను."

"నాకూ పెద్దవే అవి," అంది ఓల్వెన్. "మా అత్తవి."

తొమ్మిదింటికి మెరిడీ గొట్టం చూసి, పుస్తకంలో సున్నా వేసి, అందరికీ సున్నా అని చెప్పింది. వడ్రంగికి ఫోను చేసి సోమవారం రావద్దంది. తర్వాత షెడ్డు మూలన మూడేళ్లుగా దుమ్ము పట్టిన ఎర్ర పలకను తీసి, తడిగుడ్డతో తుడిచి, ఉత్తకాళ్లతో రేవు వైపు కాకుండా అటక మెట్ల వైపు నడిచింది. మొదటి మెట్టు పక్కన మేకు ఉంది. పలక అక్కడ వేలాడదీసింది.

పది దాటాక కెల్విన్ నిండు పడవతో వచ్చాడు. ఈల ఆగిపోవడం పైకి వినిపించింది. మెట్ల కింద నిలబడ్డాడు. "మెర్, నది మూశారా? ఎక్కడ పడింది వాన?"

మెరిడీ మెట్ల పైన కూర్చుని ఉంది, ఒళ్లో ఆ పాత నోటుపుస్తకం. "నది తెరిచే ఉంది. నేనే మూశాను."

అతను పలకను చూశాడు, ఆమెను చూశాడు, మళ్లీ పలకను చూశాడు. నవ్వబోయాడు, నవ్వు కుదరలేదు. "ఇది పండగ నెల."

"తెలుసు. హోటలు వాళ్లందరికీ పొద్దున్నే చెప్పాను, ఈ వారం నుంచి సగమే వస్తాయని. ముగ్గురు గొణిగారు, మిగతావాళ్లు సరేనన్నారు. వడ్రంగిని రావద్దన్నాను. ఇక మీద మధ్యాహ్నం దాకా నేను పైన. ఆ తర్వాత బల్ల దగ్గర."

"ఎన్నాళ్లు?"

"రోజూ."

"మరి ఏరేదెవరు? నాకు చేతకాదని నీకు తెలుసు. నాకవన్నీ ఒక్కలాగే ఉంటాయి."

షెడ్డు గుమ్మంలోంచి ఓల్వెన్ గొంతు వచ్చింది. "చూస్తే ఒక్కలాగే ఉంటాయి. వినాలి. చెవులు నీకూ రెండున్నాయి, నేనే పెట్టి కన్నాను. అక్కడ నిలబడు."

"అమ్మా, నువ్వు కూడానా?"

"నేను కుర్చీలో కూర్చుని చెబుతా. నువ్వు తాటించు."

కెల్విన్ మొహంలో కోపం లేదు. తెలిసిన నదిలో తెలియని ఇసుకమేట తగిలినవాడిలా ఉన్నాడు. "వాన పడ్డప్పుడు రాసుకోమన్నాను కదా," అన్నాడు చివరికి, మెల్లగా, దాదాపు తనలో తను.

"అవును కెల్. అన్నావు. విన్నాను. ఇరవై రెండేళ్లు విన్నాను," అంటూ లేచి లోపలికి వెళ్లి తలుపు దగ్గరగా వేసింది.

గదిలో ఎండ ఉంది. ఈ గదిలోకి ఎండ ఎటు నుంచి వస్తుందో ఆమెకు తెలియదని అప్పుడే తెలిసింది. కిటికీ అంచు మీంచి జారి, బల్ల మీద ఉప్పు పొరను వెలిగించి, నేల మీద పొడుగ్గా పడుకుని ఉంది. దుమ్ము తీరిగ్గా తేలుతోంది. అవతలి గట్టు కనబడుతోంది. అక్కడ ఒక ఎర్ర రేకుల ఇల్లు ఉంది. ఇరవై రెండేళ్లలో ఈ కిటికీలోంచి దాన్ని చూడలేదు. పోటు తీస్తోంది. బురద మెల్లగా బయటపడి అద్దంలా మెరుస్తోంది.

కింద మొదటి చప్పుడు వినిపించింది. మోటుగా, తడబడుతూ. చిప్ప మీద చిప్ప. "అది డొల్ల," అంది ఓల్వెన్. "కాదు." "డొల్లే. మళ్లీ విను." మెరిడీ కలం పట్టుకుని ఆగింది. ఒక వాక్యం రాసి పెదవుల మధ్య పలికింది. కొట్టేసింది. ఇంకోటి రాసింది. డొల్ల. ఇంకోటి. ఎండ బల్ల మీద ఒక జానెడు జరిగింది. అప్పుడు నదిలో, చెప్పులు చేత్తో పట్టుకున్న మనిషి వెనక్కి తిరిగి మామూలు గొంతుతో, పక్కింటావిడతో అన్నట్టు, ఒక మాట అంది. మెరిడీ దాన్ని కాగితం మీద పెట్టి, దాని పక్క మాటతో తాటించి చూసింది.

రాయికి రాయి తగిలినట్టు వినిపించింది.

సాయంత్రం గొట్టం పుస్తకం తెరిచింది. అది ఏడిళ్ల వాళ్లూ తిప్పి చూసే పుస్తకం. పొద్దున్న వేసిన అంకె పక్కన, ఎప్పుడూ ఖాళీగా ఉండే గడిలో, అందరికీ అర్థమయ్యే అక్షరాలతో ఆ రోజు లెక్క ముగించింది.

వాన సున్నా. పేజీలు రెండు.